స్ట్రెంత్ ఆఫ్ మెటీరియల్స్‌లో డెరివేషన్లు వదిలేయవచ్చా?

రెండో ఏడాది విద్యార్థి:
ఇంజనీరింగ్‌లో స్ట్రెంత్ ఆఫ్ మెటీరియల్స్ (లోడ్ పడితే వస్తువు ఎంత తట్టుకుంటుందో, ఎంత వంగుతుందో లెక్కగట్టే సబ్జెక్టు) పరీక్షకి మూడు వారాలే ఉంది. బెండింగ్ (వంగడం), టార్షన్ (మెలితిరగడం), డిఫ్లెక్షన్ (లోడ్‌కి ఎంత కుంగుతుందో) ఫార్ములాలు బట్టీపట్టి లెక్కలు చేస్తే చాలంటున్నారు స్నేహితులు. డెరివేషన్ (ఫార్ములాని మొదటి నుంచి రాబట్టడం) మొదలుపెడితే సగంలోనే దారి తప్పుతున్నాను. వదిలేయనా?

లెక్కల పక్షం:
వదిలేయండి. ఈ సబ్జెక్టు చేతికి వచ్చేది లెక్కలతోనే. ఓ యాభై బీమ్‌లకి (దూలాలకి) షియర్ ఫోర్స్ (అడ్డంగా కోసే బలం), బెండింగ్ మూమెంట్ (వంచే ప్రభావం) డయాగ్రామ్‌లు గీస్తే, లోడ్ చూడగానే గీత ఆకారం కళ్లకి కడుతుంది. డెరివేషన్ పదిసార్లు రాసినా ఆ చూపు రాదు.

డిజైన్ పనిలో ఉన్నవాణ్ణి:
డయాగ్రామ్‌ల మాట నూటికి నూరుపాళ్లు నిజం. వదిలేయమనడం దగ్గరే నాకు పేచీ. బెండింగ్ సూత్రం నేనూ బట్టీపట్టే పాసయ్యాను. ఉద్యోగంలో చేరాక ఒక క్రేన్ కొక్కేనికి అదే వేసి, లోపలి అంచులో స్ట్రెస్ (ఒక్కో చదరపు మిల్లీమీటరు మీద పడే బలం) తక్కువ చూపించాను. పై అధికారి అడిగింది ఒక్కటే: "ఇది తిన్నని బీమా?" బీమ్ మొదట తిన్నగా ఉందని, వంగాక కూడా అడ్డుకోత సమతలంగానే ఉంటుందని అనుకుంటేనే ఆ సూత్రం వస్తుంది. వంపు ఉన్నచోట న్యూట్రల్ యాక్సిస్ (వంగినా స్ట్రెస్ లేని గీత) సెంట్రాయిడ్‌ని (అడ్డుకోత మధ్యబిందువుని) వదిలి లోపలివైపు జరుగుతుంది. ఈ సంగతి ఫార్ములాలో ఎక్కడా కనబడదు, డెరివేషన్ మొదటి వరుసల్లోనే ఉంటుంది.

గెలీలియో అంతటివాడు 1638లో గోడలోంచి పొడుచుకొచ్చిన దూలం గురించి రాస్తూ, బలం లోతు వర్గాన్ని బట్టి ఉంటుందని సరిగ్గానే పట్టుకున్నాడు. కానీ కోత అంతటా ఒకే స్ట్రెస్ ఉండి, దూలం కింది అంచు మీద తిరుగుతుందనుకున్నాడు. నేటి ఎలాస్టిక్ లెక్కతో (లోడ్ తీస్తే మళ్లీ యథాస్థితికి వస్తుందనుకునే లెక్కతో) పోలిస్తే ఆయన చెప్పిన బలం మూడు రెట్లు.

లెక్కల పక్షం:
కొక్కెం సంగతి ఒప్పుకుంటాను. అలాగని పొడవంతా సమానంగా లోడ్ ఉన్న బీమ్‌కి వచ్చే, 384 ఉన్న ఆ డిఫ్లెక్షన్ ఫార్ములాని కూడా రాబట్టమంటారా?

డిజైన్ పనిలో ఉన్నవాణ్ణి:
వద్దు, అది గుర్తుంచుకుంటే చాలు. బెండింగ్, టార్షన్ రెండే రాబట్టండి. ప్రతి వరుస పక్కన "ఇక్కడ ఏమనుకున్నాం?" అని రాసుకోండి. ముందు 30 మి.మీ. వెడల్పు, 3 మి.మీ. మందం ఉన్న స్కేలు తీసుకుని పడుకోబెట్టి వంచండి, తర్వాత అంచు మీద నిలబెట్టి వంచండి. లోతు ఘనంతో లెక్క కడితే రెండోసారి బిగువు 100 రెట్లు.

రెండో ఏడాది విద్యార్థి:
ఇప్పుడే చేశాను. నిలబెట్టి నొక్కితే కిందికి వంగలేదు, మెలితిరిగి పక్కకి ఒరిగింది! ఇదే ఫార్ములాలో వస్తుందా?

డిజైన్ పనిలో ఉన్నవాణ్ణి:
రాదు. సన్నగా, లోతుగా ఉన్న బీమ్ అలా పక్కకి ఒరగడాన్ని లేటరల్ టార్షనల్ బక్లింగ్ అంటారు. లోడ్ ఉన్న తలంలోనే బీమ్ వంగుతుందని అనుకున్న వరుస ఒకటి ఉంటుంది, మీ మొదటి గుర్తు దాని పక్కనే పెట్టండి.