చెక్ బౌన్స్ కేసు గైర్హాజరు కింద కొట్టేశారు, అప్పీలు ఎక్కడ వేయాలి?

ప్రశ్న:
మా బాబాయి 2022లో వేసిన 138 కేసు (చెక్ బౌన్స్ సెక్షను) ఇది, చెక్కు 4 లక్షలకు. నిందితుడి మీద నాన్‌బెయిలబుల్ వారెంటు పెండింగులో ఉంది. వరసగా రెండు వాయిదాలకు బాబాయి వెళ్లలేదు, లాయరు గారూ వెళ్లలేదు. మేజిస్ట్రేటు కేసు కొట్టేశారు. 12 రోజులైంది. అదే కోర్టులో మళ్లీ తెరిపించమని అడగొచ్చా? కొత్త కేసు వేసుకోమని ఒకరు, హైకోర్టుకు వెళ్లమని ఇంకొకరు అంటున్నారు.

జవాబు 1:
ముందు డాకెట్ ఆర్డరు (ఆ వాయిదా రోజు కేసు రికార్డులో రాసిన ఆర్డరు) చూడండి, ఏ సెక్షను కింద కొట్టేశారన్నదే దారి చెబుతుంది. సీఆర్‌పీసీ (పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్) 256 అని ఉంటే కేసు పోవడమే కాదు, నిందితుడు నిర్దోషిగా విడుదలైనట్టు లెక్క. ఆ ఆర్డరును ఇచ్చిన మేజిస్ట్రేటు కూడా వెనక్కి తీసుకోలేరు. సుప్రీంకోర్టు 1986లో గౌరయా కేసులో ఈ మాట తేల్చేసింది. కాబట్టి అక్కడే రెస్టొరేషన్ (కేసు మళ్లీ తెరవమనే) పిటిషన్ వేసి రోజులు పోగొట్టుకోకండి. కొత్త కేసు కూడా కుదరదు. విడుదలైన మనిషిని అదే నేరానికి మళ్లీ విచారించరు, పైగా నోటీసు గడువు తర్వాత ఫిర్యాదుకు ఉండే నెల రోజులూ ఎప్పుడో దాటిపోయాయి.

అలా కాకుండా బ్యాటా (సమన్లు పంపడానికి కట్టే ఫీజు) కట్టలేదని 204(4) కింద కొట్టేసినా, సమన్లు వెళ్లకముందే 203 కింద కొట్టేసినా అది విడుదల కాదు. దానికి అప్పీలు ఉండదు, 90 రోజుల్లో రివిజన్ (ఆర్డరు సరైనదేనా అని పై కోర్టు చూసే పిటిషన్) వేయాలి. ఈ రెండూ కలిపేసుకుని తప్పు కోర్టులో తప్పు పిటిషన్ వేసేవాళ్లు చాలామంది.

ప్రశ్న వేసినవారు:
256 అనే ఉందండి. మరి సెషన్స్ కోర్టా, హైకోర్టా?

జవాబు 2:
పాత దారి 378(4): హైకోర్టు ప్రత్యేక అనుమతి అడగాలి, 60 రోజుల్లో. 2025 ఏప్రిల్ 8న సెలెస్టియం ఫైనాన్షియల్ కేసులో సుప్రీంకోర్టు, చెక్కు ఫిర్యాది కూడా 'బాధితుడే', 372 ప్రొవైజో (ఆ సెక్షనులోని మినహాయింపు నిబంధన) కింద అనుమతి లేకుండానే అప్పీలు వేసుకోవచ్చు అంది. అంటే మీ విషయంలో జిల్లా సెషన్స్ కోర్టు. ఖర్చూ తిరుగుడూ తగ్గుతాయి. ఆ ప్రొవైజోలో గడువు రాసి లేదు కాబట్టి 30 రోజులే అనుకుని వేయండి. దాఖలు చేసే ముందు ఈ తీర్పు మీద తాజా స్థితి ఏమిటో లాయరు గారిచేత చూపించండి. తొందరగా కదిలితే, ఏదైనా అడ్డొచ్చినా హైకోర్టు 60 రోజులు చేతిలో ఉంటాయి. సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త చట్టంలో (బీఎన్‌ఎస్‌ఎస్) ఇవే 413, 419(4). అప్పీలు మెమోలో పాతా కొత్తా రెండు సెక్షన్లూ రాయించండి.

ఈరోజే కాపీ అప్లికేషన్ పెట్టండి. సర్టిఫైడ్ కాపీ తయారీకి పట్టిన రోజులు గడువులోంచి మినహాయిస్తారు, కానీ మీరు అప్లికేషన్ పెట్టకుండా గడిపిన రోజులను మినహాయించరు. ఆర్డరు ఒక్కటే అడిగితే చాలదు, డాకెట్ షీటు (ప్రతి వాయిదాకూ ఏం జరిగిందో రాసే రికార్డు) మొత్తం అడగండి.

జవాబు 3:
ఆ డాకెట్ షీటే మీ అప్పీలుకు ప్రాణం. 2022 నుంచి ఎన్ని వాయిదాలకు హాజరయ్యారో వరసగా మెమోలో పెట్టండి. వారెంటు అమలు కోసం ఉన్న వాయిదాలో ఫిర్యాది చేయాల్సిన పనేమీ లేదు. 1997లో అసోసియేటెడ్ సిమెంట్ వర్సెస్ కేశవానంద్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే: ఆ రోజు ఫిర్యాది ఉండటం నిజంగా అవసరమా అని మేజిస్ట్రేటు ఆలోచించాలి, రాలేదు కదా అని యాంత్రికంగా కొట్టేయకూడదు. మీ అప్పీలు కారణాల్లో (గ్రౌండ్లు) మొదటిది ఇదే కావాలి.

రాలేకపోవడానికి కారణం రెండు వాయిదాలకూ విడివిడిగా, కాగితంతో సహా చూపించాలి. ఆసుపత్రి చీటీ అయితే దానిమీద తేదీ సరిపోవాలి. లాయరు రాలేదని ఒక్క ముక్కలో రాస్తే పని జరగదు, ఎందుకు రాలేదో ఆయన అఫిడవిట్ ఉంటే మంచిది. ప్రార్థనలో "ఆర్డరు రద్దు" దగ్గర ఆగకుండా, అదే సీసీ (కేసు) నంబరు మీద కేసు ఆగిన దశ నుంచే నడపాలని కోరండి.

ఇంకోటి. 2024 జూలై 1 తర్వాత వేసిన ఫిర్యాదులైతే కొత్త చట్టం 279 ప్రకారం హాజరుకు 30 రోజుల సమయం ఇచ్చాకే కొట్టేయాలి. మీది అంతకుముందే నడుస్తున్న కేసు కాబట్టి ఆ వాదన మీద ఆధారపడకండి.

జవాబు 1:
అప్పు తేదీ కూడా చూసుకోండి. క్రిమినల్ కేసు నడుస్తోంది కదా అని సివిల్ దావాకు ఉన్న 3 ఏళ్ల గడువు ఆగదు.