‘ఓర్డెట్’ సినిమా పేరు తెలుగులో మాటా, వాక్యమా?

ప్రశ్న:
మా ఫిల్మ్ క్లబ్‌లో డెన్మార్క్ దర్శకుడు కార్ల్ థియొడోర్ డ్రయర్ తీసిన ‘ఓర్డెట్’ (1955) వేస్తున్నాం. కరపత్రంలో పేరు తెలుగులో ఉండాలి. కొందరు ‘వాక్యం’ అంటున్నారు, కొందరు ‘మాట’ అంటున్నారు. గ్రూపులో పెద్దలు ఏమంటారు?

జవాబు:
నా ఓటు ‘మాట’కే అండీ.

డేనిష్‌లో ‘ఓర్డ్’ అంటే మాట. చివర ‘ఎట్’ చేరితే ఏదో ఒక మాట కాదు, ఫలానా మాట. యోహాను సువార్త మొదటి వచనంలో డేనిష్ బైబిల్ వాడేది ఈ పదమే. మన బైబిల్లో అక్కడ ‘ఆదియందు వాక్యముండెను’ అని ఉంది కాబట్టి ‘వాక్యం’ తోచడం సహజం.

కానీ కథ చూడండి. డెన్మార్క్‌లోని జట్లాండ్ ప్రాంతపు పల్లెలో బోర్గెన్ అనే మోతుబరి రైతు, పీటర్ అనే దర్జీ. ఇద్దరూ క్రైస్తవులే, అయినా ఒకరి భక్తి ఒకరికి గిట్టదు. రైతు చిన్నకొడుక్కీ దర్జీ కూతురికీ పెళ్లి మాటలు అక్కడే ఆగిపోతాయి, పెద్దల మధ్య మాటా మాటా పెరుగుతుంది. ఇంతలో పెద్దకోడలు ఇంగర్ కాన్పు కష్టమై చనిపోతుంది. తానే క్రీస్తునని నమ్మి తిరిగిన నడిపివాడు యోహానెస్ శవపేటిక దగ్గర నిలబడి, చనిపోయినవాళ్లను లేపే ఆ మాట నాకివ్వమని దేవుణ్ణి అడుగుతాడు. తర్వాత ఏమవుతుందో చూడనివాళ్ల కోసం చెప్పను.

అతను అడిగేది పలికితే పని జరిగే మాట. మన బైబిల్లోనే మత్తయి 8:8లో, తన పనివాణ్ణి బాగుచేయమని యేసును వేడుకున్న శతాధిపతి (రోమన్ సైనికాధికారి) ‘నీవు మాటమాత్రము సెలవిమ్ము’ అంటాడు, వాక్యమాత్రము అనడు. పెళ్లి మాటలు, మాట పట్టింపు, ప్రాణం పోసే మాట, మూడింటినీ మోయగల పదం మనకు ఇదొక్కటే.

డ్రయర్ జీవితమంతా మాటల చుట్టూనే తిరిగింది. 1889లో కోపెన్‌హేగన్‌లో పెళ్లికాని స్వీడిష్ పనిమనిషికి పుట్టారు. పెంచుకున్నాయన ప్రెస్సులో కంపోజిటర్. ఆయన పేరే ఈయనకూ పెట్టారు. విలేకరిగా మొదలై, నార్డిస్క్ కంపెనీలో మూకీ బొమ్మల మధ్య వేసే అక్షరాల కార్డులు రాశారు. ఫ్రాన్స్ వీరవనిత జోన్ ఆఫ్ ఆర్క్ మీద 1928లో తీసిన మూకీకి ఆమె విచారణ రికార్డులే ఆధారం. ఆ సినిమా అసలు నెగెటివ్ అగ్నిప్రమాదంలో పోయింది. చాలా ఏళ్ల తర్వాత, 1981లో, నార్వేలోని ఒక మానసిక వైద్యశాలలో పాత ప్రింటు బయటపడింది. తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది నాకు.

‘ఓర్డెట్’కి మూలం కాయ్ మున్క్ నాటకం. ఆయన పాస్టరు, నాజీలను ఎదిరించి మాట్లాడినందుకు 1944 జనవరిలో గెస్టపో (నాజీల రహస్య పోలీసు) చంపేసింది. డ్రయర్ బయటి దృశ్యాలను ఆయన పనిచేసిన వెడెర్సో ఊళ్లోనే తీశారు. నాటకంలోని సంభాషణల్ని బాగా తగ్గించేసి, మిగిలినవాటిని నిదానంగా, పొడవాటి షాట్లలో పలికించారు. వెనిస్ చిత్రోత్సవంలో అగ్ర బహుమతి గోల్డెన్ లయన్ వచ్చింది.

మరొకరు:
అన్నగారూ, మాది చర్చి కుటుంబం. ‘వాక్యం’ అనగానే మాకు దేవుడే గుర్తొస్తాడు. ‘మాట’ అంటే ఆ బరువు రాదేమో! డేనిష్ ప్రేక్షకుడికి యోహాను వచనం చెవిన పడుతుంది కదా, మనవాళ్లకు ఆ అవకాశం పోతుంది.

జవాబు:
పోతుందమ్మా, ఒప్పుకుంటాను. డేనిష్ బైబిల్లో రెండు చోట్లా ఒకటే పదం, మనకు రెండు. కానీ చర్చికి వెళ్లని తెలుగువాడికి ‘వాక్యం’ అంటే వ్యాకరణంలో కర్త, కర్మ, క్రియ. పోస్టరు చూసి అతను పాఠం అనుకోకూడదు.

ప్రశ్న అడిగినవారు:
‘ఆ మాట’ అని వేస్తే? చివరి ‘ఎట్’ కూడా వచ్చినట్టుంటుంది.

జవాబు:
వేసేయండి. కింద చిన్న అక్షరాల్లో యోహాను వచనం కూడా అచ్చు వేయించండి, చెల్లెమ్మ చెప్పిన బరువు అక్కడ దొరుకుతుంది.