అరక్కోణం దగ్గర దిగిన బూడిదరంగు విమానం ఏంటి?

సప్తగిరి ప్రయాణికుడు (పెరంబూర్):
పోయిన ఆదివారం తిరుపతి నుంచి సప్తగిరి ఎక్స్‌ప్రెస్‌లో వస్తున్నాం. అరక్కోణం దగ్గర పడుతుండగా ఓ పెద్ద విమానం బాగా కిందికి దిగిపోతోంది. రెండు ఇంజన్లు, ఒళ్లంతా బూడిదరంగు, వరస కిటికీలు లేవు, తోక చివర పొడుగ్గా కర్రలాంటిది. చెన్నై ఎయిర్‌పోర్టు ఉండే మీనంబాక్కం ఇంకా ఎక్కడో ఉందిగా, ఇక్కడెందుకు దిగుతోందని మావాడు ఒకటే ప్రశ్నలు. మాది వైజాగ్ అని తెలిసి పక్క సీటాయన "అది నేవీ బేస్. మీ బీచ్ రోడ్డులో పెట్టిన విమానం కూడా ఇక్కడిదే" అన్నారు. సముద్రం లేని ఊళ్లో నేవీ ఏంటండీ? లోపలికెళ్లి చూడనిస్తారా?

పాత నేవీవాడు (ఆవడి):
ఆయన చెప్పింది నిజమే. అది ఐఎన్ఎస్ రాజాళి. నేను అక్కడ టెక్నికల్ సెయిలర్‌గా ఆరేళ్లు చేశాను. మీరు చూసింది పీ-8ఐ. బోయింగ్ 737నే జలాంతర్గాముల వేటకు తగ్గట్టు మార్చారు. మొదటిది 2013 మేలో వచ్చింది. ఆ తోక కర్ర అలంకారం కాదు. నీళ్లలో దాగిన జలాంతర్గామి ఇనుము వల్ల భూమి అయస్కాంత క్షేత్రంలో వచ్చే చిన్న తేడాను అది పసిగడుతుంది. విమానం సొంత లోహం అడ్డు రాకూడదని అంత చివర పెడతారు.

సముద్రం దూరమైతే ఏం, గంటల తరబడి ఎగిరేవాటికి 70 కిలోమీటర్లు ఓ లెక్కా? వాటికి కావలసింది రన్‌వే. రెండో ప్రపంచయుద్ధం నాటి ఎయిర్‌ఫీల్డును తీసుకుని, 4 కిలోమీటర్లు దాటిన రన్‌వేతో 1992 మార్చిలో రాజాళిని ప్రారంభించారు. గోవాలో ఉన్న టీయూ-142లు, అంటే నేవీ పాత గస్తీ విమానాలు, ఇక్కడికి మారాయి.

వాటి గురించి అడిగితే నేను ఆగను. నాలుగు ఇంజన్లు, ఒక్కోదానికి ఎదురెదురుగా తిరిగే రెండు ప్రొపెల్లర్లు. స్టార్ట్ చేస్తే ఆ మోత చెవుల్లో కాదు, పక్కటెముకల్లో తెలిసేది. క్వార్టర్స్‌లో గూట్లో స్టీలు గిన్నెలు కదిలేవి. "మీ ఏనుగు లేచింది" అనేది మా ఆవిడ. 2017 మార్చి 29న వాటికి వీడ్కోలు చెప్పారు. ఒకటి వైజాగ్ వెళ్లింది. అదే డిసెంబరులో కురుసుర జలాంతర్గామికి ఎదురుగా మ్యూజియంగా రాష్ట్రపతి కోవింద్ ప్రారంభించారు. మొన్న టికెట్ కొనుక్కుని వెళ్లాను. గైడు కుర్రాడు "అంకుల్, ఇవి ప్రొపెల్లర్లు" అని నాకే వివరిస్తుంటే బుద్ధిగా విన్నాను.

బేస్‌లోకి బయటివాళ్లను రానివ్వరు. ఫొటోలు తీయొద్దని మీవాడికి చెప్పండి.

అడయారు బాధితుడు (వేళచ్చేరి):
నేను లోపలికెళ్లానండోయ్, అదీ విమానం ఎక్కడానికి! 2015 డిసెంబరు వరదల్లో అడయారు నది పొంగి మీనంబాక్కం రన్‌వే మునిగింది. అప్పుడు రాజాళి నుంచే ప్రయాణికుల విమానాలు నడిపారు. నేనైతే తడిసిన బ్యాగు ఒళ్లో పెట్టుకుని అంత దూరం బస్సులో వెళ్లి హైదరాబాద్ విమానం ఎక్కాను. ఫోన్ చచ్చిపోయింది, ఇంట్లోవాళ్లు టెన్షన్. ఆ గొడవలో ఎంత పెద్ద రన్‌వేనో చూసుకున్నదెవరు!

సప్తగిరి ప్రయాణికుడు:
థాంక్సండీ. మావాడి కొత్త ప్రశ్న: రాజాళి అంటే ఏంటి?

పాత నేవీవాడు:
తమిళంలో డేగజాతి పక్షి. నేవీ ఎయిర్ స్టేషన్లకు పక్షుల పేర్లు పెడతారు బాబూ. కొచ్చిలో గరుడ, గోవాలో హంస, రామనాథపురం దగ్గర పరుందు, అంటే గద్ద. మీ వైజాగ్‌లోదైతే అచ్చ తెలుగు డేగ. రాజాళి గొప్పా డేగ గొప్పా అని మెస్‌లో తమిళ మిత్రులతో ఎన్నిసార్లు పోట్లాడానో! ఇంకోమాట, ఈసారి చిన్న హెలికాప్టర్లు కనిపిస్తే అవి చేతక్‌లు. నేవీ హెలికాప్టర్ పైలట్లకు శిక్షణ ఇచ్చే బడి కూడా అక్కడే.