అప్‌డేట్: పరమాణువుల్ని చూడకుండానే ఎలా నమ్మారు?

పోయిన వారం నేను అడిగిన ప్రశ్న ఇది: పరమాణువును ఎవరూ చూడని రోజుల్లోనే అది ఉందని శాస్త్రవేత్తలు ఎలా తేల్చారు? జవాబులిచ్చిన అందరికీ థ్యాంక్స్.

పరమాణు సిద్ధాంతాన్ని ప్రతిపాదించిన డాల్టన్ దగ్గర మొదలుపెట్టమన్న సలహా బాగా ఉపయోగపడింది. 12 గ్రాముల కార్బన్‌తో కార్బన్ మోనాక్సైడ్‌లో 16 గ్రాముల ఆక్సిజన్ కలుస్తుంది, కార్బన్ డయాక్సైడ్‌లో 32 గ్రాములు. సరిగ్గా రెట్టింపు! పదార్థం విడివిడి గింజలుగా ఉంటేనే ఒకటి, రెండు అని ఇలా లెక్క కుదురుతుంది. ఇది అర్థమైన రాత్రి నాకు చాలాసేపు నిద్ర పట్టలేదు.

అయినా పరమాణువు అన్న ఊహ లెక్కల సౌకర్యం కోసమేనని 1900 నాటికి కూడా కొందరు పెద్ద శాస్త్రవేత్తలు వాదించారు. వాళ్ల మొండితనం తప్పని నేను అనుకోను, సాక్ష్యం అడగడం న్యాయమే. ఆ సాక్ష్యం నీటిలో సన్నని రేణువుల వణుకులో దొరికింది. 1827లో బ్రౌన్ మైక్రోస్కోపులో గమనించిన ఆ కదలికకు నీటి అణువుల తాకిళ్లే కారణమని 1905లో ఐన్‌స్టీన్ లెక్క కట్టాడు. తర్వాత పెర్రాన్ ప్రయోగాలు చేసి దాన్ని నిజమని తేల్చాడు, అవగాడ్రో సంఖ్యనూ (12 గ్రాముల కార్బన్‌లో ఎన్ని పరమాణువులు ఉంటాయన్న లెక్క) రాబట్టాడు. సంబంధం లేని వేర్వేరు పద్ధతుల్లో దాదాపు అదే సంఖ్య రావడం నన్ను పూర్తిగా ఒప్పించింది.

పరమాణువులో చాలావరకు ఖాళీయే అయితే చెయ్యి బల్లలోంచి ఎందుకు దూరదన్న రెండో సందేహమూ చాలావరకు తీరింది. ఎలక్ట్రాన్లు ఆ చోటంతా పరుచుకుని ఉంటాయి, ఒకే స్థితిలో రెండు ఇమడవు. ఈ పౌలీ నియమాన్ని ఇప్పుడు చదువుతున్నాను.