పిల్లల్ని ఫార్మ్‌కి తీసుకెళ్తే బోర్ అన్నారు, ఈసారి ఏం చూసుకుని వెళ్ళాలి?

ఇద్దరు_పిల్లల_నాన్న

అందరికీ నమస్తే. ప్రశ్న చిన్నదే గానీ వెనక కథ చెప్పకపోతే అర్థం కాదు, కాస్త ఓపిక పట్టండి. మాకు ఇద్దరు, పెద్దాడికి తొమ్మిదేళ్ళు, చిన్నదానికి నాలుగు. పోయిన సెలవుల్లో పల్లె వైపు ఒక ఫార్మ్‌కి తీసుకెళ్ళాం, ఫోటోల్లో చూస్తే భలే ఉంది, తీరా లేచి రెడీ అయి చేరేసరికి పన్నెండున్నర. ఆవులన్నీ నీడన చతికిలబడి కళ్ళు మూసుకుని ఉన్నాయి, కోళ్ళు దుమ్ములో పొర్లాడుతున్నాయి, ట్రాక్టర్ ఎక్కిస్తామని చెప్పి ఒక రౌండ్ తిప్పి దింపేశారు. మావాడు అరగంటకే కార్లోకి పోయి ఫోన్ అడిగాడు. చిన్నదేమో మేకపిల్లకి ముద్దు పెట్టబోతే అది తల విసిరింది, ఇంక ఇల్లు చేరేదాకా ఒకటే ఏడుపు.

మళ్ళీ సెలవులొస్తున్నాయి. ఈసారి మా అమ్మ కూడా వస్తానంటోంది, ఆవిడకి మోకాళ్ళ నొప్పులు, ఎక్కువ నడవలేదు. మా ఆవిడకి ఐదో నెల. ఏ టైమ్‌కి వెళ్ళాలి, ముందే ఏం కనుక్కోవాలి, పొలంతో పాటు పక్కన చెరువో చిట్టడవో ఉంటే అందులో పిల్లలకి ఏం చూపించాలి? అసలు మా ఆవిడ రావచ్చా? అనుభవం ఉన్నవాళ్ళు చెప్పండి ప్లీజ్.

---

పాడింటి_పిల్ల

అన్నా నువ్వు చేసిన తప్పు ఒక్కటే, మధ్యాహ్నం వెళ్ళావు. ఎండపొద్దున ఏ జంతువైనా పడుకోకుండా నీకోసం డాన్స్ చేస్తుందా 😀 మేం పాడి మీద బతికిన వాళ్ళం కాబట్టి చెప్తున్నా, పశువుల దగ్గర చూడాల్సిందంతా రెండు పూటలే, తెల్లారి పాలు పితికేటప్పుడు, మళ్ళీ సాయంత్రం మేత వేసి పాలు తీసేటప్పుడు. పొద్దున లేవడం మీ ఇంట్లో కష్టమైతే సాయంత్రానికే వెళ్ళండి. చేత్తో పితికే చోటు దొరికితే ఇంకా మంచిది, దూడని వదలగానే అది పొదుగుని తలతో రెండు పోట్లు పొడుస్తుంది, ఆవు చేపుతుంది, అప్పటిదాకా ముడుచుకుని ఉన్న చనుకట్లు నిండటం పిల్లలకి కళ్ళముందే కనిపిస్తుంది. తర్వాత ఖాళీ బకెట్‌లో మొదటి ధార పడినప్పుడు వచ్చే చప్పుడు వేరు, అర బకెట్ నిండాక నురగలో పడే చప్పుడు వేరు, మీవాణ్ణి కళ్ళు మూసుకుని వినమను.

ఇంకో మాట, నువ్వు పడుకున్నాయి అనుకున్న ఆవులు నిజానికి పని చేస్తున్నాయి. నెమరు. రోజులో ఆరు నుంచి ఎనిమిది గంటలు దానికే పోతుంది. గొంతు కింద భాగం చూస్తూ ఉంటే మింగిన ముద్ద కిందికి జారడం, ఒక్క క్షణం ఆగి ఇంకో ముద్ద మెడలోంచి పైకి రావడం క్లియర్‌గా కనిపిస్తుంది. ఒక్కో ముద్దని దాదాపు యాభై సార్లు నములుతుంది. తొమ్మిదేళ్ళవాడికి ఆ లెక్క అప్పజెప్పు, ఫోన్ అడగడు. ఆవుకి పైదవడ ముందు పళ్ళు ఉండవని కూడా చెప్పు, నమ్మడు, చూస్తానంటాడు.

ఆ కోళ్ళు దుమ్ములో పొర్లడం కూడా ఊరికే కాదు, అది వాటి స్నానం, ఈకల్లో పురుగు పోవడానికి. చిన్నదానికి మాత్రం గుడ్లు ఏరే పని ఇప్పించు. గుడ్లు పొదుగుతూ కూర్చున్న కోడి జోలికి మాత్రం పోనివ్వకు, ముక్కుతో చెయ్యి చీరేస్తుంది, 21 రోజులు అలాగే మొండిగా కూర్చుంటుంది అది.

ఆవు వెనక నుంచి ఎప్పుడూ వెళ్ళొద్దు, దానికి చుట్టూ చాలావరకు కనిపిస్తుంది గానీ సరిగ్గా తోక వెనక కనపడదు, ఉలిక్కిపడి తంతుంది. దూడ ఉన్న ఆవైతే ఇంకా దూరం. మేకపిల్ల తల విసరడం కూడా అంతే, పైనుంచి మొహం మీదికి వంగితే దానికి భయం. కింద కూర్చుని చెయ్యి చాపి ఉంటే అదే వచ్చి వాసన చూస్తుంది.

---

నైట్‌డ్యూటీ_నర్స్

ఈ ముద్దుల దగ్గరే నాకు భయం అండీ. పిల్లలు జంతువుల్ని ముట్టుకోవడం మంచిదే, నేను వద్దనను, కానీ ముట్టుకున్న చెయ్యి నోట్లో పెట్టుకోవడం దగ్గరే వస్తుంది గొడవంతా. ఆరోగ్యంగా ఉన్న ఆవు, మేక, గొర్రె పేడలో కూడా ఈకోలై ఓ157 అనే బ్యాక్టీరియా ఉండొచ్చు, వాటికి ఏమీ కాదు, ఐదేళ్ళలోపు పిల్లలకి మాత్రం రక్త విరేచనాలు అయ్యి కొందరిలో కిడ్నీల దాకా పోతుంది. 2009లో ఇంగ్లండ్‌లో ఒక ఫార్మ్‌కి సరదాగా వెళ్ళిన వాళ్ళ నుంచి 93 మందికి వచ్చింది, ఎక్కువమంది చిన్నపిల్లలే. భయపెట్టడానికి చెప్పట్లేదు, సబ్బుతో ఆగేదాన్ని తేలిగ్గా తీసుకుంటారని చెప్తున్నా.

శానిటైజర్ చాలులే అనుకుంటారు అందరూ. చాలదు. మట్టి, పేడ అంటిన చేతి మీద అది సరిగ్గా పనిచేయదు, క్రిప్టోస్పోరిడియం అని ఇంకో క్రిమి ఉంది, దాన్ని ఆల్కహాల్ ఏమీ చేయలేదు. కారే నీళ్ళు, సబ్బు, 20 సెకన్లు. అక్కడ కుళాయి లేకపోతే క్యాన్‌లో నీళ్ళు తీసుకెళ్ళండి. తినడం తాగడం అంతా జంతువుల దగ్గర్నుంచి దూరంగా, చేతులు కడిగాకే. చిన్నదాని బొమ్మ, నీళ్ళ సీసా కొట్టంలోకి తీసుకెళ్ళనివ్వకండి, కింద పడేస్తుంది, తీసి నోట్లో పెట్టుకుంటుంది, మా ఇంట్లో అదే జరిగింది (ఏం కాలేదు గానీ నాకు రెండు రాత్రులు నిద్ర లేదు). చెప్పులు, బూట్లు కారెక్కే ముందే కడిగేయండి. అప్పుడే పితికిన పాలు అక్కడికక్కడే రుచి చూపిస్తామంటారు, మర్యాదగా వద్దనండి, కాచినవైతే ఓకే.

ఇంక మీ ఆవిడ సంగతి. రావచ్చు, కానీ గొర్రెలు మేకలు ఈనే సీజన్ అయితే ఆ కొట్టం వైపు అసలు వద్దు. ఈనే గొర్రె, అప్పుడే పుట్టిన పిల్ల, మాయ, ఆ తడి అంటిన గడ్డి, ఆ పని చేసినవాళ్ళ బట్టలు కూడా, వీటి నుంచి టాక్సోప్లాస్మా, క్లమిడియా లాంటి క్రిములు కడుపుతో ఉన్నవాళ్ళకి అంటుకుని గర్భం పోయిన కేసులు ఉన్నాయి. ముందే ఫోన్ చేసి "ఇప్పుడు ఈనుతున్నాయా" అని అడగండి. వెళ్ళే ముందు మీ డాక్టర్‌కి ఒక మాట చెప్పండి.

---

ఇద్దరు_పిల్లల_నాన్న

అమ్మో ఈనే సంగతి నాకు అస్సలు తెలీదు, పిల్లలకి అప్పుడే పుట్టిన గొర్రెపిల్లల్ని చూపిద్దామని నేను కావాలనే ఆ సీజన్ వెతుకుతున్నా! థాంక్స్ అండీ. గొర్రెలు లేని చోటే చూస్తాను.

---

గట్టు_మీద_కాపు

నేను అవతలి వైపు నుంచి చెప్తా, మా దగ్గరికి కుటుంబాలు వస్తుంటాయి. ఫోన్ చేసినప్పుడు "యాక్టివిటీస్ ఏమున్నాయి" అని అడుగుతారు అందరూ, దానికి అందరూ ఒకటే లిస్టు చదువుతారు. "మేం వచ్చే రోజు మీరు ఏం పని చేస్తుంటారు" అని అడుగు. దానికి నీళ్ళు నమిలేవాడిది ఫార్మ్ కాదు, పచ్చిక పరిచిన రిసార్ట్, నాలుగు కుందేళ్ళు తెచ్చి పెట్టుంటాడు.

రెండోది మందు. పంటకి ఎప్పుడు మందు కొట్టారో అడుగు, కొట్టాక ఎన్ని గంటలు చేలోకి దిగకూడదో డబ్బా మీదే రాసుంటుంది, కొన్నిటికి రోజు దాటాలి. సిగ్గుపడక్కర్లేదు, పని తెలిసిన రైతు ఠక్కున చెప్తాడు.

ట్రాక్టర్ రైడ్ అన్నావే, మడ్‌గార్డ్ మీద పిల్లల్ని కూర్చోబెడతారు చూడు, దానికి ఒప్పుకోవద్దు. సీటు లేకపోతే మనిషి ఎక్కకూడదు, అంతే. ఆగి ఉన్న ట్రాక్టరైనా ఇంజన్ ఆన్‌లో ఉంటే వెనక్కి పోనివ్వకు, పీటీవో షాఫ్ట్ (వెనక తగిలించిన యంత్రాలని తిప్పే కడ్డీ) నిమిషానికి 540 సార్లు తిరుగుతుంది, అంటే సెకనుకి తొమ్మిది చుట్లు, బట్ట అంచు అందితే చెయ్యి లాక్కునే టైమ్ ఉండదు.

మా బాధ కూడా విను. వచ్చినవాళ్ళు ప్రేమగా సంచిలో తెచ్చినవన్నీ పశువులకి పెట్టేస్తారు. అలవాటు లేని ఆవు ఒక్కసారిగా గింజలు మెక్కితే కడుపు పులిసి పడిపోతుంది, రాత్రంతా డాక్టర్ కోసం తిరిగేది మేం. మేం ఇచ్చిందే, మేం చెప్పినంతే పెట్టాలి. గేటు మూసుంటే మూసే వెళ్ళాలి, తెరిచుంటే తెరిచే వదలాలి, "మర్చిపోయారేమో" అని మా గేట్లు మూసి పుణ్యం కట్టుకోవద్దు, అవతల నీళ్ళు ఉండొచ్చు పశువులకి. కుక్కని తేవద్దు.

---

పిట్టల_పిచ్చోడు

చెరువు, చిట్టడవి పార్ట్ నాది 🙋 బ్రో ముందు దూరం గురించి ఆలోచించడం మానెయ్. నాలుగేళ్ళ పాపతో గంటకి అర కిలోమీటర్ నడిస్తే గొప్ప, ఎందుకంటే ప్రతి రాయి తిప్పి చూడాలి కదా. మీ అమ్మగారి మోకాళ్ళకి కూడా అదే స్పీడ్, సో ప్రాబ్లం సాల్వ్డ్. ఒక మడత కుర్చీ తీసుకెళ్ళు, చెరువు గట్టున వేసి ఆవిడని కూర్చోబెట్టు, కదలకుండా ఓ పది నిమిషాలు కూర్చున్న మనిషి దగ్గరికి పిట్టలు వాటంతట అవే వస్తాయి, పరిగెత్తి వెతికే మనకి ఒక్కటీ కనపడదు.

మెర్లిన్ అని కార్నెల్ ల్యాబ్ వాళ్ళ యాప్ ఉంది, ఫ్రీ, కూత వినిపిస్తే పిట్ట పేరు చెప్తుంది. పల్లెల్లో సిగ్నల్ ఉండదు కాబట్టి ఆ ఏరియా బర్డ్ ప్యాక్ ఇంట్లోనే డౌన్‌లోడ్ చేసుకో. పురుగులు, మొక్కలకి ఐనాచురలిస్ట్ వాళ్ళ సీక్ బాగుంటుంది, అకౌంట్ కూడా అక్కర్లేదు. మీవాడు ఎలాగూ ఫోన్ అడుగుతాడు, ఇవ్వు, కానీ ఈ రెండూ ఓపెన్ చేసి ఇవ్వు.

పేడ కుప్ప దగ్గర పేడపురుగుని చూపించకుండా తీసుకురాకు. అది ఉండ చేసి తలకిందులుగా వెనక కాళ్ళతో నెట్టుకెళ్తుంది, దారిలో పుల్ల అడ్డమొస్తే కింద పడి మళ్ళీ ఎక్కుతుంది, నేను ఈ వయసులో కూడా అరగంట చూస్తా. చెరువు ఒడ్డున జల్లెడ లాంటిదేదైనా నీళ్ళలో ముంచి తెల్ల పళ్ళెంలో వంపితే తూనీగ పిల్లలు దొరకొచ్చు, రెక్కలు రాకముందు అవి నీళ్ళలోనే బతుకుతాయని చాలామంది పెద్దవాళ్ళకే తెలీదు. చూసి మళ్ళీ నీళ్ళలో వదిలెయ్యాలి. నీళ్ళ దగ్గర ఉన్నంతసేపు పాప చెయ్యందేంత దూరంలో పెద్దవాళ్ళు ఒకరు ఉండాల్సిందే, ఆ ఒకరు ఫోటోలు తీసే మనిషి కాకూడదు. రాత్రి ఉండిపోతే తెల్లటి బట్ట కట్టి వెనక లైట్ పెట్టండి, చిమ్మెటలు వచ్చి వాల్తాయి.

గడ్డిలో తిరిగాక ఒళ్ళంతా చూడు, మోకాళ్ళ వెనక, చెవుల వెనక, జుట్టులో. పిడుదు పట్టుంటే నూనె పోయడం, కాల్చడం లాంటివి వద్దు, సన్న పట్టకారుతో చర్మానికి దగ్గరగా పట్టుకుని తిన్నగా పైకి లాగు.

---

ఇద్దరు_పిల్లల_నాన్న

వెళ్ళొచ్చాం!! లేట్ అప్‌డేట్‌కి సారీ. సాయంత్రం నాలుగుకి చేరాం, కాపు గారు చెప్పిన ప్రశ్న ముగ్గురిని అడిగితే ఇద్దరు తడబడ్డారు, మూడో ఆయన "ఆ రోజు గడ్డి దింపుతుంటాం, దుమ్ము ఉంటుంది, పర్లేదా" అన్నాడు, అక్కడికే వెళ్ళాం. గొర్రెలు లేవు.

మావాడి లెక్క 47, 52, 55. నాలుగో ముద్దకి ఆవు మధ్యలో తుమ్మింది, లెక్క పోయిందని వాడికి దానిమీద కోపం. అమ్మ గట్టున కుర్చీలో గంటన్నర కదల్లేదు, యాప్ ఒక కూతకి ఏదో పేరు చూపిస్తే "అది కాదురా, మీ యాప్‌కి తెలీదు" అని గొడవ పడింది, కాసేపటికి పిట్ట బయటికొస్తే అమ్మే కరెక్ట్. మా ఆవిడ కొట్టంలోకి రాకుండా అమ్మ పక్కనే కూర్చుంది.

చేతులు కడిగించడం మాత్రం యుద్ధమే అయింది, ఐదు లీటర్ల క్యాన్ ఖాళీ. చిన్నది గడ్డి గంపలో గుడ్డు పట్టుకోగానే గట్టిగా అరిచింది, అప్పుడే పెట్టినట్టుంది, వెచ్చగా ఇంకా కాస్త తడిగా ఉంది. రెండు చేతుల్లో పెట్టుకుని నా దగ్గరికి నడుచుకుంటూ వచ్చి మెల్లగా అడిగింది, "నాన్నా, కోడి దీన్ని ఉడకబెట్టేసిందా?"