1942లో బర్మా నుంచి నడిచి వచ్చిన కూలీల పేర్ల నమోదు ఎక్కడ దొరుకుతుంది?

మా ముత్తాత 1927లో కూలీలను కుదిర్చి తీసుకెళ్లే మేస్త్రీ వెంట కాకినాడ రేవులో ఓడెక్కి రంగూన్ వెళ్లారు, బియ్యం మిల్లులో కూలి పని. 1942లో జపాన్ సేనలు రావడంతో బర్మా సరిహద్దు ఊరు తమూ, మణిపూర్‌లోని ఇంఫాల్ మీదుగా ఇప్పటి నాగాలాండ్‌లోని దిమాపూర్‌కు కాలినడకన చేరారు. ఆయన పేరు ఒక్క కాగితం మీదైనా చూడాలని నా ఆశ.

1937 వరకు బర్మా బ్రిటిష్ ఇండియాలోనే భాగం కాబట్టి పాస్‌పోర్టు జాడ లేదు. ఓడల దస్త్రాలను ఇంటిపేరుతో, ఊరిపేరుతో, ఇంగ్లీషులో నాలుగు రకాల వర్ణక్రమాలతో మూడు నెలలు వెతికాను. అక్కడ తెలుగువారిని ‘కోరంగీ’లనేవారు కదా, ఆ మాటతోనూ చూశాను. దొరికినవి ప్రయాణికుల మొత్తం సంఖ్యలే. దొరల పేర్లున్న జాబితాలు మాత్రం కనిపించాయి, అదే బాధ.

దిమాపూర్ చేరిన కూలీల పేర్లున్న శరణార్థి శిబిరం రిజిస్టర్లను మీలో ఎవరైనా చూశారా, చూస్తే ఏ అభిలేఖాగారంలో?