నరుడు, నారి, ఇష్షాలోని ‘ష్ష’

హైఫా చదువరి:
సభ్యులందరికీ నమస్కారం. నేను హైఫాలో ఒక పెద్దాయనకు సంరక్షకురాలిగా పని చేస్తున్నాను. ఆయన కుటుంబం యెమెన్ నుంచి వచ్చింది. సిమ్హత్ తోరా పండుగ వెళ్ళిన తరువాతి శనివారం ఆయన బెరేషీత్ భాగాన్ని, అంటే ఆదికాండపు మొదటి అధ్యాయాలను, ఇంట్లోనే కూర్చుని రాగయుక్తంగా చదువుతుంటే, చిన్నప్పుడు ఆదివారపు బడిలో వల్లించిన వాక్యమొకటి సగం గుర్తుకు వచ్చి అప్పటి నుంచి వదలడం లేదు. “నా యెముకలలో ఒక యెముక” అని మొదలై “నారి యనబడును” అని ముగుస్తుంది. మధ్యలో ఉన్నది ‘నరుని వలన కలిగెను’ అనా, ‘నరునిలోనుండి తీయబడెను’ అనా? ఇంకొక సందేహం కూడా ఉంది. ఇక్కడ బజారులో అందరూ స్త్రీని ‘ఇషా’ అనే అంటారు. ఆయన మాత్రం చదివేటప్పుడు షకారాన్ని స్పష్టంగా ఒత్తి, చివరి అచ్చును దాదాపు ‘ఓ’ లాగా పలుకుతారు. పురుషుడికి ‘ఈష్’ అన్నప్పుడు ఆ ఒత్తు లేదు. ఈష్‌కు స్త్రీలింగమే ఇష్షా అయితే దీర్ఘం ఎందుకు పోయింది, ద్విత్వం ఎక్కడి నుంచి వచ్చింది?

పాతప్రతి:
“నా యెముకలలో ఒక యెముక నా మాంసములో మాంసము, ఇది నరునిలోనుండి తీయబడెను గనుక నారి అనబడును.” ఆదికాండము 2:23. ‘తీయబడెను’ అన్నదే సరి. పాత తెలుగు అనువాదాన్ని దగ్గర పెట్టుకుని ముందు వెనుకల వచనాలు కూడా చూడండి. 22లో ప్రక్కటెముకను ‘స్త్రీనిగా’ నిర్మించాడు. 23లో ఆమె ‘నారి’. 24లో పురుషుడు హత్తుకొనేది ‘తన భార్యను’. మూడు చోట్లా హెబ్రీలో ఉన్నది ఇష్షా అన్న ఒకే మాట. అలాగే 23లో ‘నరుడు’, 24లో ‘పురుషుడు’ అయినది ఈష్ ఒక్కటే. వరుసగా మూడు వచనాల్లో మాట మార్చుకుంటూ పోయిన అనువాదకులు శ్లేష ఉన్న చోట మాత్రం నరుడి పక్కన నారిని నిలబెట్టారంటే, మూలంలోని ధ్వనిని విని, తెలిసే ఎంచుకున్నారని నా నమ్మకం.

వృద్ధిసంధి:
తెలిసి ఎంచుకోవడమే కాదు, మూలం కంటే గట్టి పునాది మీద నిలబెట్టారు. నర శబ్దానికి స్త్రీలింగంలో వృద్ధి వచ్చి నారీ అవుతుందని పాణినీయ గణపాఠమే చెబుతున్నది: ‘నృనరయోర్వృద్ధిశ్చ’. మన మాటల జంటకు ధాతుబంధుత్వం ఉంది. హెబ్రీ జంటకు అది లేదు. చదువరి గారు విన్న ఒత్తే అందుకు సాక్ష్యం. సప్త ప్రాకృతంలో సత్త అయినట్లే, ఇష్షాలోని మొదటి షకారం ఒక నకారాన్ని మింగి కూర్చుంది. సోదర భాషల్లో చూడండి: అరబ్బీలో ఆడుదానికి ‘ఉన్సా’, అరమేయికులో ‘ఇత్తెతా’, అక్కాదీలో భార్యకు ‘అష్షతు’. హెబ్రీ బహువచనం ‘నాషీమ్’లో ఆ నకారం బయటికే కనిపిస్తుంది. ఈష్‌లో దీర్ఘమే తప్ప ద్విత్వం ఎక్కడా లేదు. రెండూ వేర్వేరు ధాతువుల నుంచి వచ్చి చెవికి మాత్రమే దగ్గరైన మాటలు.

పాతప్రతి:
నకారమే సాక్ష్యమంటే ఈష్ బహువచనం ‘అనాషీమ్’లో కూడా నకారం ఉంది కదా? మరి ఈష్ కూడా నకారాన్ని మింగిందనాలా?

వృద్ధిసంధి:
అనాషీమ్ ఈష్ నుంచి పుట్టలేదు; ‘ఎనోష్’ అన్న వేరొక మాట వైపు నుంచి వచ్చింది. ఎనోషు ఎవరో ఈ భాగం చదివిన వారందరికీ తెలుసు, షేతు కుమారుడు, 4:26. ఏకవచనం ఒక ఇంటిది, బహువచనం వేరొక ఇంటిది కావడం ఏ భాషలోనైనా జరిగేదే.

శనివారపు పాఠం:
వృద్ధిసంధి గారి వ్యుత్పత్తిని నేను కాదనను. కానీ ఈ భాగాన్ని ఏటేటా చదివే సంప్రదాయం ఈ మాటలను ఎలా వింటుందో చెప్పకుండా వదిలితే చర్చ సగమే అవుతుంది. తోరా (మోషే పంచకాండాల) చుట్టలో అచ్చుల గుర్తులు గానీ ద్విత్వాన్ని చూపే చుక్క గానీ ఉండవు. చుట్టలో కనిపించే అక్షరాలు ఈష్‌కు ఆలెఫ్-యోద్-షిన్, ఇష్షాకు ఆలెఫ్-షిన్-హే, అంతే. అందుకే ప్రాచీన యూదు పండితుడు రబ్బీ అకీవా ఒత్తును పట్టించుకోకుండా అక్షరాలను పట్టుకున్నాడు. యూదుల ధర్మచర్చల సంకలనమైన తల్మూదులో, సోతా గ్రంథంలో 17వ పత్రం మీద ఆయన మాట ఉంది: పురుషుడూ స్త్రీ యోగ్యులైతే వారి మధ్య దైవసాన్నిధ్యం ఉంటుంది, కాకపోతే అగ్ని వారిని దహిస్తుంది. మధ్యయుగపు వ్యాఖ్యాత రాషి దాన్ని విప్పి చూపాడు. ఈష్‌లో యోద్ ఉంది, ఇష్షాలో హే ఉంది, రెండూ కలిస్తే దేవుని నామం. ఆ రెండూ తీసేస్తే ఇద్దరి దగ్గరా మిగిలేది ‘ఎష్’, అంటే నిప్పు. ఆదిదంపతుల గురించి ఇంత భయపెట్టే వ్యాఖ్యను, అదీ రెండు అక్షరాలతో చేసినదాన్ని, నేను మరెక్కడా చదవలేదు.

ఈ వచనం ఆధారంగానే ఆదికాండానికి ప్రాచీన యూదు వ్యాఖ్యానమైన బెరేషీత్ రబ్బాలో ఇంకొక వాదం ఉంది. గ్రీకులో పురుషుడి మాట నుంచి స్త్రీ మాట పుట్టదు, అరమేయికులోనూ పుట్టదు, హెబ్రీలో మాత్రమే ఈష్ నుంచి ఇష్షా వస్తుంది, కాబట్టి లోకం సృష్టించబడినది పరిశుద్ధ భాషలోనే అంటారు.

వృద్ధిసంధి:
ఆ వాదం చేసినవారికి నర-నారీ జంట తెలిసి ఉంటే ఏమనేవారో అని నాకు ఎప్పటి నుంచో ఆసక్తి. ఆ పరీక్షలో సంస్కృతం వారి భాష కంటే ఎక్కువ మార్కులతో నెగ్గుతుంది. తక్కిన అనువాదకుల అవస్థ చూడండి. గ్రీకు సప్తతి అనువాదం శ్లేషను వదిలేసుకుంది. లాటినులో జెరోము ‘విర్’ పక్కన ‘విరాగో’ అని పెట్టాడు. ఆ మాటకు లాటినులో వీరవనిత అన్న అర్థం ఉంది, ఇక్కడ అది అతకదు. జర్మనులో లూథరు ‘మాన్’ నుంచి ‘మెన్నిన్’ అని కల్పించుకోవలసి వచ్చింది. తెలుగువాడు మాత్రం కొత్తగా ఏదీ కల్పించకుండా, కావ్యభాషలో ఎప్పటి నుంచో ఉన్న మాటను తీసి పెట్టాడు.

మాగాణి:
నారిని అందరూ పొగుడుతున్నారు, నాకు మాత్రం నరుడి దగ్గరే అభ్యంతరం ఉంది. 2:7 తీసుకోండి. “దేవుడైన యెహోవా నేలమంటితో నరుని నిర్మించి”. హెబ్రీలో అక్కడ ‘ఆదామా’ అనే నేల నుంచి ‘ఆదామ్’ వస్తాడు. ఆ భాగమంతటిలో అతి ముఖ్యమైన ధ్వని అదే, తెలుగులో పూర్తిగా పోయింది. మనకు ‘మన్ను’ ఉంది, ‘మనిషి’ ఉంది. ‘మంటితో మనిషిని’ అంటే చాలు, ఆదామా-ఆదామ్ తెలుగులో మోగేది. 3:19లో “నీవు మన్నే గనుక తిరిగి మన్నైపోదువు” అన్నప్పుడు అదే అనువాదం ఎంత అందంగా ఆ మాటను వాడుకుందో చూడండి. మన్నుతో మొదలు పెట్టి మన్నుతో ముగించే అవకాశం చేతిలో ఉండి కూడా 2:7లో జారవిడిచారు.

మన్ను అన్న మాటకు తెలుగువాడి చెవిలో ఎంత బరువు ఉందో పోతన చూపించాడు. “అమ్మా! మన్నుఁ దినంగ నే శిశువునో యాకొంటినో వెఱ్ఱినో” అని మొదలు పెట్టి, “నమ్మం జూడకు వీరి మాటలు మదిన్” అని బాలుడి చేత అనిపించి, ఆ వెంటనే ఆ నోటిలోనే తల్లికి సకల లోకాలనూ చూపిస్తాడు. మన్ను పక్కన ఏ మాట పెడితే ఏ మాట మోగుతుందో ఆయనకు తెలిసినట్లు మరొకరికి తెలియదు. ఆ పద్యం నోటికి వచ్చిన అనువాదకుడెవరూ ‘నేలమంటితో నరుని’ అని తృప్తి పడడు.

వృద్ధిసంధి:
మాగాణి గారూ, మనిషి మనుష్య శబ్దభవం, మనువు నుంచి వచ్చింది. మన్ను అచ్చతెలుగు మాట. వాటికి చుట్టరికం లేదు.

మాగాణి:
అయ్యా, ఇంతకు ముందు ఈష్-ఇష్షాకు కూడా చుట్టరికం లేదని మీరే నిరూపించారు. అయినా ఆ వచనం చదివేవారి చెవుల్లో ఇన్ని శతాబ్దాలుగా మోగుతూనే ఉన్నది. ధాతువు లేకపోయినా హెబ్రీకి చెల్లినది తెలుగుకు ఎందుకు చెల్లదు? అమ్మా, నమ్మం అన్న మాటలకు మాత్రం ఏ ధాతుబంధుత్వం ఉంది? ప్రాస కలిపింది వాటిని. ఆదాము నోట వచ్చిన ఆ రెండు పాదాలు కూడా పద్యమే, అక్కడ ఈష్‌నూ ఇష్షానూ కలిపింది ప్రాసే.

వృద్ధిసంధి:
ప్రాస అన్నారు కాబట్టి ప్రాస నియమం ప్రకారమే చూద్దాం. మీరు చెప్పిన పద్యంలో నాలుగు పాదాలకూ రెండవ అక్షరం మ్మ. అమ్మా, నమ్మం, రిమ్మా, ధమ్మా. ఒక్క పాదంలో ఒంటి మకారం పడినా ప్రాసభంగమే. ద్విత్వానికి ద్విత్వమే కావాలి. ఈష్‌లో ఉన్నది ఒంటి షకారం, ఇష్షాలో ఉన్నది ష్ష. మన లాక్షణికులెవరూ ఆ ప్రాసను అంగీకరించరు.

శనివారపు పాఠం:
మన లాక్షణికుల నియమం హెబ్రీ కవిత్వానికి వర్తించదు, అది ఇద్దరికీ తెలుసు. అయితే మాగాణి గారి మాటలో ఒక విలువైన విషయం ఉంది, దాన్ని ఆయన సగంలో వదిలేశారు. హెబ్రీలో 2:22 వరకు మానవుడు ‘ఆదామ్’ మాత్రమే. అతణ్ణి ఈష్ అని ఎక్కడా అనలేదు. ఇష్షా అన్న మాట 22లోనే, కథకుడి నోట, ముందుగా వస్తుంది. ఆమెను చూసి అతడు పలికినప్పుడే, 23లో, ఈష్ మొదటిసారి వినిపిస్తుంది. గ్రంథంలో మనిషి నోట వచ్చిన మొట్టమొదటి పలుకు కూడా అదే. అంటే మంటి నుంచి వచ్చినవాడు ఆదామ్. ఆమె ఎదురుగా నిలిచాకే అతడు ఈష్. తెలుగులో 1:27 నుంచీ ‘నరుడు’ అనే వాడుకుంటూ రావడం వల్ల ఈ మలుపు కనిపించకుండా పోయింది. ఆదామ్‌కు మనిషి, ఈష్‌కు నరుడు అని ఉంచితే మన్ను-మనిషి, నరుడు-నారి రెండు జంటలూ దక్కుతాయి, మలుపూ దక్కుతుంది. అనువాదకులు నారిని కనిపెట్టిన ఘనతను నేను తగ్గించడం లేదు, కానీ నరుణ్ణి ఆమె రాకకు ముందే ఖర్చు చేసేశారు.

పాతప్రతి:
ఇది బాగుంది. ఒక్క సవరణ: తెలుగులో 2:22లో అతడు ‘ఆదాము’, సంజ్ఞానామంగానే ఉన్నాడు, కాబట్టి మలుపు పూర్తిగా పోలేదు, మసకబారింది. 1:27లో “స్త్రీనిగాను పురుషునిగాను వారిని సృజించెను” అన్న చోట కూడా గమనించండి, హెబ్రీ వరుస పురుషుడు, స్త్రీ. తెలుగు దాన్ని తిప్పి వేసింది. అక్కడి మాటలు ‘జాఖార్’, ‘నెకేవా’; ఈష్, ఇష్షా కావు. పశుపక్ష్యాదులకు కూడా చెల్లే మాటలవి.

ఇక ఒత్తు దగ్గరికి. ఈష్‌లో ద్విత్వం లేదు కాబట్టి జంట చెవికి పూర్తిగా అతకదని వృద్ధిసంధి గారు అంటున్నారు. కానీ 23లోని ‘మేఈష్’, అంటే ‘పురుషుని నుండి’, అన్న పాఠం ఒక్కటే లేదు. యూదుల నుంచి విడిగా తమ తోరా ప్రతిని కాపాడుకున్న సమరయుల పాఠంలో చివర హే ఉంది, ‘ఆమె పురుషుని నుండి’ అని అర్థం. గ్రీకు సప్తతి అనువాదంలోనూ అదే ఉంది. ఆ పాఠం తీసుకుంటే ఆ మాట ‘ఈషాహ్’ అవుతుంది. ఇష్షా, ఈషాహ్. అప్పుడు రెండింటికీ మధ్య మిగిలే తేడా దీర్ఘమూ, ఒత్తూ, చివర హకారపు ఊపిరీ మాత్రమే. యూదుల ప్రామాణిక హెబ్రీ పాఠమైన మసోరా పాఠంలో కూడా ఈ జంట వేరొక చోట ఉన్నది: 3:6లో స్త్రీ పండు తీసుకుని ‘ఈషాహ్’కు, తన భర్తకు, ఇస్తుంది. పలుకు ఒక్కటి తప్పితే ఒక మాట ఇంకొక మాట అయిపోయే చోటు అది.

వృద్ధిసంధి:
సప్తతి, సమరయ పాఠాలు రెండూ కలిసినంత మాత్రాన అదే ప్రాచీనం అని తేల్చలేము. శ్లేషను బిగించడానికి లేఖకులు అక్షరం చేర్చి ఉండవచ్చు. ఆ ఒక్క అక్షరం సహజంగా ఉన్నదే అయితే మసోరా సంప్రదాయం ఎందుకు జారవిడుస్తుంది?

శనివారపు పాఠం:
మసోరా సంప్రదాయం వారే చదివే ఓన్కెలోసు తర్గూమును, అంటే తోరాకు అరమేయిక అనువాదాన్ని, ఎలా వివరిస్తారు? అందులో ఈ వచనానికి ‘మిబ్బఅలహ్’ అని ఉంది, అంటే ‘ఆమె భర్త నుండి’. తర్గూమువారు చూసిన హెబ్రీ ప్రతిలో ఆ హే ఉండి ఉండాలి. చదువరి గారి పెద్దాయనది యెమెన్ సంప్రదాయమైతే, తోరాలో ఒక వచనం, వెంటనే తర్గూములో ఆ వచనం, ఇలా చదివే అలవాటు వారిలో ఈనాటికీ ఉంది.

వృద్ధిసంధి:
తర్గూము అనువాదమే కాదు, వ్యాఖ్యానం కూడా. అరమేయికులో ‘ఇత్తెతా’ అన్నాక శ్లేష ఎలాగూ పోయింది కాబట్టి, ‘పురుషుడు’ అనవలసిన చోట సందర్భాన్ని బట్టి ‘ఆమె భర్త’ అని స్పష్టం చేసి ఉండవచ్చు. 24లో మన తెలుగువారు ఇష్షాను ‘భార్య’ చేయలేదా? దాన్ని చూసి మన అనువాదకుల ముందు వేరే హెబ్రీ ప్రతి ఉన్నదని ఎవరైనా అంటారా?

మాగాణి:
హేను మీరిద్దరూ తేల్చుకోండి. శనివారపు పాఠం గారి సూచన ప్రకారం 2:7ను నేను ఇలా రాసి చూశాను: “నేలలోని మన్ను తీసి మనిషిని మలిచి”. మలిచి అన్నది ఎందుకంటే అక్కడి హెబ్రీ క్రియ కుమ్మరి పని చెప్పే క్రియ. ‘నిర్మించి’ అనే మాటను 2:22కు వదిలిపెట్టాలి. అక్కడ ప్రక్కటెముకను స్త్రీగా చేసినప్పుడు హెబ్రీలో ఉన్నది ‘కట్టడం’ అన్న క్రియ, ఇల్లు కట్టినట్లు. రెండు చోట్లా ఒకే ‘నిర్మించి’ పెట్టడం వల్ల పాత అనువాదంలో ఆ తేడా కూడా కనిపించడం లేదు. ‘మలిచి’కి ఇంతకంటే మంచి మాట ఎవరికైనా తడితే చెప్పండి. కుండ విషయంలో మా వైపు ‘వానడం’ అంటారు, కానీ మనిషి విషయంలో ఆ మాట నిలుస్తుందా?